కేరళలో వరి పొలాల చట్టం కింద పట్టుకున్న టిప్పర్‌ను, జేసీబీని కోర్టు ద్వారా విడిపించుకోవడం ఎలా?

పొలంలో మట్టి దించుతుండగా బండిని పట్టుకున్నారని డ్రైవరు ఫోను చేయగానే యజమాని ముందుగా వెతికేది ఆర్సీ, ఇన్సూరెన్సు, పర్మిట్టు. కేరళలో ఆ కాగితాలూ కావాలి, కానీ కేసు వాటి మీద నడవదు. బండి ఏ నేల మీద ఉండగా పట్టుబడింది, ఆ రోజుకు సర్కారు రికార్డుల్లో ఆ నేల ఏమని నమోదై ఉంది అన్న రెండు ప్రశ్నల మీదే దాదాపు మొత్తం వ్యవహారం తేలుతుంది. బండి మనది, నేల ఇంకొకరిది కనుక చాలామంది యజమానులు ఆ రెండో ప్రశ్న జోలికే పోరు, నెలలు గడిచాక వకీలు అడిగితే తప్ప సర్వే నంబరు కూడా చెప్పలేరు. ఈ మార్గదర్శి ఆ లోటును దృష్టిలో పెట్టుకుని రాసింది. కేరళలో జాతీయ రహదారి 66 విస్తరణ పనుల్లో హైదరాబాద్ కంపెనీలు కూడా ఉన్నందున, టిప్పర్లనూ జేసీబీలనూ అక్కడికి అద్దెకు పంపే తెలుగువారికి ఇది పనికివస్తుంది.

చట్టం ఏమిటి, బండి దాకా ఎందుకు వస్తుంది

కేరళలో 1970ల నడుమ దాదాపు 8.8 లక్షల హెక్టార్లలో వరి పండేది. 2007-08 నాటికి అది సుమారు 2.3 లక్షల హెక్టార్లకు పడిపోయింది. పల్లపు పొలాన్ని ఎర్రమట్టితో పూడ్చి, మెరక చేసి, ఇళ్ల స్థలాలుగా అమ్మడం ఇందుకు ఒక పెద్ద కారణం. ఆ పూడికను ఆపడానికి వచ్చినదే 2008 నాటి కేరళ వరి భూముల, చిత్తడి నేలల సంరక్షణ చట్టం. ఏడాదికి ఒక్కసారైనా వరి వేసే భూమినే కాక, వరికి అనువుగా ఉండి బీడు పడిన భూమిని కూడా ఈ చట్టం వరి భూమిగానే లెక్కిస్తుంది. గట్లు, మురుగు కాలవలు, చెరువులు కూడా అందులో భాగమే. చిత్తడి నేల అంటే నేలకూ నీటికీ నడుమ ఉండే బురద భూములు, కాయళ్లు (సముద్రం పక్కన నిలిచే ఉప్పునీటి సరస్సులు), మడ అడవులు వంటివి. వరి భూములనూ నదులనూ ఈ నిర్వచనం నుంచి విడిగా పెట్టారు. వరి భూమిని మార్చడాన్ని 3వ సెక్షను, చిత్తడి నేలను పూడ్చడాన్ని 11వ సెక్షను నిషేధిస్తాయి.

పూడిక చేతులతో జరిగే పని కాదు కాబట్టి చట్టం బండిని కూడా పట్టుకుంటుంది. 12, 19 సెక్షన్లు తనిఖీకీ స్వాధీనానికీ సంబంధించినవి, 20వ సెక్షను జప్తుకు సంబంధించినది. స్వాధీనం, జప్తు అన్న ఈ రెండు మాటలను కలిపేసుకోకూడదు. స్వాధీనమంటే అధికారి బండిని తాత్కాలికంగా తన అదుపులోకి తీసుకోవడం, మనవాళ్లు సీజ్ చేశారంటారే, అది. జప్తు అంటే విచారణ జరిపి జిల్లా కలెక్టర్ ఇచ్చే ఉత్తర్వుతో బండి సర్కారు పరం కావడం. మొదటిదాన్ని సవాలు చేసే దారి వేరు, రెండోదాన్ని సవాలు చేసే దారి వేరు. పిటిషన్లు తిరిగి రావడానికి ఎక్కువగా ఈ తికమకే కారణమవుతుంది.

మొదటి మెట్టు: పట్టుకున్న రోజే చేయవలసినవి

డ్రైవరుకు ఫోనులోనే రెండు విషయాలు చెప్పండి. మలయాళంలో రాసిన మహజరును (మన పంచనామాను) చదివించుకోకుండా సంతకం పెట్టవద్దని ఒకటి, బండి నిలిచిన చోటును చుట్టూ కనిపించేలా ఫోటోలు తీసి లొకేషన్ పంపమని రెండోది. బండిని స్టేషనుకు తరలించాక ఆ ఫోటోలు మళ్లీ దొరకవు.

మహజరు నకలు చేతికి రాగానే నాలుగు అంశాలు చూడాలి. ఏ సమయానికి, ఏ చోట పట్టుకున్నారు? సర్వే నంబరు రాశారా? ఆ క్షణంలో బండి ఏం చేస్తోంది? పట్టుకున్న అధికారి హోదా ఏమిటి, ఏ సెక్షను కింద పట్టుకున్నట్టు రాశారు? వీటిలో మూడోది అత్యంత కీలకం. ‘ఫలానా సర్వే నంబరు నిలంలో ఎర్రమట్టి దించుతుండగా’ అని రాయడానికీ, ‘పంచాయతీ రోడ్డు పక్కన మట్టి లోడుతో నిలిపి ఉండగా’ అని రాయడానికీ ఎంతో తేడా ఉంది. రెండో మాటను బట్టి చూస్తే ఆ బండితో వరి భూమిని మార్చారని ఇంకా ఎవరూ చెప్పలేదన్నమాట. అది మహా అయితే ఖనిజ రవాణా పాసు లేని కేసు కావచ్చు, దాని దారి వేరే.

ఇక్కడ మనవాళ్లను పొరబాటు పట్టించే మాట ఒకటుంది. కేరళ రెవెన్యూ రికార్డుల్లో ‘నిలం’ అంటే మన మాటల్లో నేల అని కాదు, వరి పొలమని. ఇంటి స్థలానికీ తోటకూ ‘పురయిడం’ అని రాస్తారు. మలయాళం మాటలు చెవికి దగ్గరగా ఉన్నాయి కదా అని ‘నిలంలో మట్టి పోశాం’ అని ఒప్పుకుని వాంగ్మూలం ఇచ్చిన డ్రైవరు, తెలియకుండానే 3వ సెక్షను కింద నేరాన్ని ఒప్పుకున్నట్టవుతుంది.

పట్టుకున్నది పోలీసులైతే 2024 జూలై 1 నుంచి అమల్లో ఉన్న భారతీయ నాగరిక్ సురక్షా సంహితలోని 105వ సెక్షను ప్రకారం సోదాను, స్వాధీనాన్ని ఆడియో-వీడియోలో నమోదు చేయాలి. ఆ రికార్డింగు కావాలని తొలి రోజుల్లోనే రాతపూర్వకంగా అడిగి, అందినట్టు రసీదు తీసుకోండి. రికార్డింగు మనకు అనుకూలంగా ఉంటే సాక్ష్యంగా పనికివస్తుంది. రికార్డింగే లేకపోతే దాన్ని అడిగిన రసీదు పనికివస్తుంది.

రెండో మెట్టు: నేల జాతకం తీయడం

ఇది అన్నిటికంటే ఎక్కువ శ్రమ పెట్టవలసిన మెట్టు. పట్టుబడిన సర్వే నంబరుకు మూడు రికార్డులు సంపాదించాలి.

మొదటిది బేసిక్ టాక్స్ రిజిస్టర్ నకలు. కేరళవాళ్లు దాన్ని బీటీఆర్ అంటారు, మన దగ్గర ఆర్ఎస్ఆర్, సేత్వార్ అనే పాత భూమి రికార్డులు చేసే పని అక్కడ అది చేస్తుంది. విలేజ్ ఆఫీసులో దొరుకుతుంది. రెండోది డేటా బ్యాంకు ప్రతి. ప్రతి పంచాయతీలో, మునిసిపాలిటీలో ఏది వరి భూమి, ఏది చిత్తడి నేల అన్న జాబితాను 5వ సెక్షను కింద స్థానిక పర్యవేక్షణ సంఘం తయారుచేస్తుంది. పంచాయతీల్లో దీనికి పంచాయతీ ప్రెసిడెంటు అధ్యక్షత వహిస్తారు, వ్యవసాయ అధికారి కన్వీనరుగా ఉంటారు, విలేజ్ ఆఫీసరూ రైతు ప్రతినిధులూ సభ్యులు. ఆ జాబితాను గెజిట్‌లో ప్రచురించాలి. మూడోది, అవసరమైతే, తిరువనంతపురంలోని కేరళ రిమోట్ సెన్సింగ్ కేంద్రం ఇచ్చే ఉపగ్రహ చిత్రాల నివేదిక. 2008 నాటికి ఆ ముక్క నీళ్లు నిలిచే పొలమా, అప్పటికే కొబ్బరి చెట్లున్న తోటా అన్నది దాన్ని బట్టి తెలుస్తుంది.

ఈ మూడూ కలిపి చదివితే మూడు రకాల పరిస్థితుల్లో ఏదో ఒకటి బయటపడుతుంది. బీటీఆర్‌లో నిలమని ఉండి డేటా బ్యాంకులో కూడా వరి భూమిగా ఉంటే కేసు గట్టిది. అక్కడ నేల మీద వాదన పెట్టి కాలం వృథా చేయకుండా బండి పాత్ర మీద, విలువ మీద, ప్రక్రియలోని లోపాల మీద దృష్టి పెట్టాలి. బీటీఆర్‌లోనే పురయిడమని ఉంటే స్వాధీనానికే పునాది లేదని వాదించవచ్చు. మూడోది అసలైన చిక్కు: బీటీఆర్‌లో నిలం, డేటా బ్యాంకులో మాత్రం లేదు. ఇలాంటి భూమిని 2018 సవరణ ‘నోటిఫై కాని భూమి’ అంది. దాని వినియోగం మార్చుకోవాలంటే 27ఎ సెక్షను కింద ఆర్డీవో అనుమతి తీసుకోవాలి. భూమి యజమాని ఆ అనుమతి తీసుకోలేదనడం ఒకటి, డేటా బ్యాంకులో ఉన్న వరి భూమిని 3వ సెక్షనుకు విరుద్ధంగా పూడ్చారనడం మరొకటి. రెండింటినీ కలగలిపి బండిని పట్టుకుని ఉంటే, ఏ సెక్షను ఉల్లంఘనకు బండిని పట్టుకున్నారో చెప్పమని అడగడమే మీ వాదనకు మొదటి వాక్యం కావాలి.

భూమి యజమాని దగ్గర ఏవైనా అనుమతులున్నాయేమో కూడా అడగండి. డేటా బ్యాంకు నుంచి తీసేయమని ఫారం 5లో పెట్టుకున్న దరఖాస్తు, 27ఎ కింద ఫారం 6 లేదా 7 దరఖాస్తు ఉండవచ్చు. దరఖాస్తు పెట్టినంత మాత్రాన అనుమతి వచ్చినట్టు కాదు. అయితే బండి పట్టుబడేనాటికే మంజూరు ఉత్తర్వు వచ్చి ఉంటే కలెక్టర్ ముందు పెట్టవలసిన మొదటి కాగితం అదే. బండివాళ్లకు సహకరించడానికి భూమి యజమాని సాధారణంగా ఇష్టపడడు, తన మీదా కేసు ఉంటుంది కదా! అందుకని పనికి ఒప్పుకునే రోజే ఈ కాగితాల నకళ్లు అడిగి పెట్టుకునే అలవాటు ఉంటే మంచిది.

మూడో మెట్టు: కలెక్టర్ ముందు రాతపూర్వక వాదన

బండిని పట్టుకున్న అధికారి ఆ విషయాన్ని జిల్లా కలెక్టర్‌కు నివేదించాలి. ఆ నివేదిక వెళ్లిందా, ఏ తేదీన వెళ్లింది, దాని నంబరు ఎంత అన్నది కలెక్టరేట్‌లో కనుక్కోండి. వెళ్లకపోతే ఆ సంగతే హైకోర్టులో బలమైన కారణమవుతుంది. వెళ్లి ఉంటే, నోటీసు కోసం కూర్చోకుండా మీరే యజమానిగా ఒక దరఖాస్తు పెట్టి, విచారణలో మాట వినాలనీ, ఈలోపు బండిని తాత్కాలికంగా విడుదల చేయాలనీ అడగాలి.

దరఖాస్తులో కోపం, కన్నీళ్లు అక్కర్లేదు. బండి ఎవరిది, ఎవరికి ఏ పనికి అద్దెకిచ్చారు, ఒప్పందంలో ఏ చోట పని అని ఉంది, డ్రైవరుకు ఏ సూచనలిచ్చారు, నేల రికార్డులు ఏం చెబుతున్నాయి, మహజరులో ఎక్కడ తేడా ఉంది అన్న వరుసలో తేదీలతో రాస్తే చాలు. ‘నాకు తెలియకుండా వాడారు’ అన్న ఒక్క మాట రాసి ఊరుకుంటే ఎవరూ పట్టించుకోరు. తెలియలేదని చూపించే కాగితాలు కావాలి: అద్దె ఒప్పందం, ట్రిప్ షీట్లు, వాట్సాప్ సందేశాలు, జీపీఎస్ రికార్డు. నెల్లూరులో ఉండే యజమాని మలప్పురంలోని సబ్ కాంట్రాక్టరుకు రహదారి పనికని టిప్పర్ ఇచ్చాడనీ, అతడు ఆదివారం నాడు ఎవరి పొలానికో నాలుగు ట్రిప్పులు తోలాడనీ అనుకుందాం. జీపీఎస్‌లో ఆ ఒక్క రోజే బండి రహదారి పని దాటి పోయినట్టు కనిపిస్తే, అది వంద పేజీల అఫిడవిట్ కంటే ఎక్కువ చెబుతుంది.

విలువ సంగతి కూడా ఈ మెట్టులోనే తేల్చుకోవాలి. జప్తుకు బదులు బండి విలువకు ఒకటిన్నర రెట్లు చెల్లించి తీసుకుపోయే అవకాశం ఈ చట్టంలో ఉంది. వినడానికి వెసులుబాటుగా ఉంటుంది కానీ లెక్క వేసి చూడండి. బండి విలువ 12 లక్షలని తేలిస్తే కట్టవలసింది 18 లక్షలు. 8 లక్షలని తేలితే 12 లక్షలు. అంటే విలువ కట్టడంలో వచ్చే 4 లక్షల తేడా చేతిలో 6 లక్షల తేడాగా మారుతుంది. అందువల్ల వాహన తనిఖీ అధికారి ఇచ్చిన విలువ నివేదిక నకలు అడిగి, ఇన్సూరెన్సు పాలసీలోని ఐడీవీ (బీమా కంపెనీ ఒప్పుకున్న బండి విలువ), బండి తయారీ సంవత్సరం, తిరిగిన గంటలు లేదా కిలోమీటర్లు, ఇంజను స్థితి వంటివాటితో పోల్చి అభ్యంతరం రాతలో పెట్టాలి. నా దృష్టిలో నేల రికార్డు ప్రతికూలంగా ఉన్న కేసుల్లో అసలు పోరాటం ఇదే. జప్తు న్యాయమా కాదా అని ఏళ్ల తరబడి వాదించి, చివరికి విలువ మీద ఒక్క అభ్యంతరమూ పెట్టకుండా ఓడిపోవడం అన్నిటికంటే ఖరీదైన ఓటమి.

నాలుగో మెట్టు: ఏ కోర్టుకు, ఎప్పుడు

చాలామంది తొందరపడి మెజిస్ట్రేటు కోర్టుకు పరుగెడతారు. దానికి కారణం లేకపోలేదు. స్వాధీనం చేసుకున్న బండ్లను స్టేషన్ల ఆవరణల్లో తుప్పు పట్టనివ్వకూడదనీ, బాండు, పూచీకత్తు, ఫోటోలు, పంచనామా తీసుకుని యజమానికి ఇవ్వాలనీ 2002లో సుందర్‌భాయ్ అంబాలాల్ దేశాయ్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. పాత నేర ప్రక్రియా స్మృతిలో 451, 457గా ఉండి ఇప్పుడు నాగరిక్ సురక్షా సంహితలో 497, 503గా మారిన సెక్షన్ల కింద ఆ దరఖాస్తు పెడతారు. అయితే ప్రత్యేక చట్టం జప్తు అధికారాన్ని మరో అధికారికి అప్పగించి, ఆయన ముందు ప్రక్రియ మొదలైనప్పుడు మెజిస్ట్రేటు చేతులు కట్టేసినట్టే ఉంటుంది. అటవీ చట్టాల విషయంలో 2004లో సుజిత్ కుమార్ రాణా కేసులో, 2019లో ఉదయ్ సింగ్ కేసులో సుప్రీంకోర్టు ఈ వైపే మొగ్గింది. అందువల్ల కలెక్టర్ ముందు ఫైలు తెరుచుకున్న కేసులో మెజిస్ట్రేటు దగ్గర దరఖాస్తు పెట్టి రెండు నెలలు పోగొట్టుకోవడం కంటే, కలెక్టర్ ముందు ఒక అడుగు, హైకోర్టులో ఒక అడుగు వేయడం మేలు. పోలీసులు కేసు మాత్రమే నమోదు చేసి, జప్తు నివేదిక అసలు పంపకపోతే మాత్రం మెజిస్ట్రేటు దారి మూయబడలేదు.

కేరళ హైకోర్టు ఎర్నాకుళంలో ఒక్కచోటే ఉంది, ఏ జిల్లాలో పట్టుబడినా అక్కడికే వెళ్లాలి. రాజ్యాంగం 226వ అధికరణ కింద రిట్ (అధికారులను ఆదేశించమని హైకోర్టును కోరే పిటిషను) వేస్తే ముందు సింగిల్ జడ్జి వింటారు. ఆ తీర్పు మీద 1958 నాటి కేరళ హైకోర్టు చట్టం 5వ సెక్షను కింద డివిజన్ బెంచికి రిట్ అప్పీలు ఉంటుంది.

రిట్‌లో ఏం అడగాలన్న దాన్ని బట్టి ఫలితం ఉంటుంది. ఆ భూమి వరి పొలమా కాదా అన్నది సాక్ష్యాలతో తేలవలసిన సంగతి కాబట్టి, దాన్ని నేరుగా తేల్చమంటే హైకోర్టు సాధారణంగా కలెక్టర్ దగ్గరికే పొమ్మంటుంది. అదే, నివేదిక వెళ్లి ఇన్నాళ్లయినా కలెక్టర్ నిర్ణయం తీసుకోలేదు, ఫలానా గడువులోగా మా వాదన విని తేల్చమని ఆదేశించండి, ఈలోపు తగిన షరతులతో బండిని ఇప్పించండి అని అడిగితే కోర్టుకు ఇవ్వడానికి ఒక వీలైన ఉత్తర్వు కనిపిస్తుంది. స్వాధీనాన్నే కొట్టేయమనే అభ్యర్థనను రికార్డు స్పష్టంగా మనవైపు ఉన్నప్పుడు, అంటే భూమి బీటీఆర్‌లో పురయిడమని ఉన్నప్పుడో, పట్టుకున్న అధికారికి అసలు అధికారమే లేనప్పుడో, మొదటి అభ్యర్థనగా పెట్టాలి. కాకపోతే దాన్ని ఉంచినా కింద ఉంచాలి.

తుది జప్తు ఉత్తర్వు వచ్చాక వెంటనే హైకోర్టుకు వెళ్తే, చట్టంలో పైమెట్టు (అప్పీలు) ఉండగా ఇక్కడికెందుకు వచ్చారన్న ప్రశ్న ఎదురవుతుంది. ఉత్తర్వు అందిన తేదీని కవరుతో సహా భద్రపరిచి, ఆ తేదీ నుంచే గడువు లెక్క మొదలుపెట్టండి. పైమెట్టు ఉన్నా రిట్ నడవగల సందర్భాలను 1998లో వర్ల్‌పూల్ కార్పొరేషన్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది: ప్రాథమిక హక్కుల ఉల్లంఘన, సహజ న్యాయ సూత్రాల ఉల్లంఘన, అధికార పరిధి లేకపోవడం, చట్టం చెల్లుబాటునే సవాలు చేయడం. నోటీసు లేకుండా, మన మాట వినకుండా ఉత్తర్వు ఇచ్చి ఉంటే రెండోదానికి సరిగ్గా సరిపోతుంది.

ఉత్తర్వును ఎలా చదవాలి

కలెక్టర్ ఉత్తర్వులో మన అభ్యంతరాలను పేర్కొని, వాటికి జవాబు చెప్పి ఉండాలి. ‘విలేజ్ ఆఫీసర్ నివేదికను పరిశీలించి ఉల్లంఘన జరిగిందని తృప్తి చెందాను’ అన్న ఒక్క వాక్యంతో ముగిసే ఉత్తర్వు సవాలుకు అనువైనది. డేటా బ్యాంకు గురించి ఒక్క మాటా లేకపోతే ఇంకా అనువైనది. ఉత్తర్వులో లేని కారణాలను తరవాత కోర్టులో వేసే అఫిడవిట్‌తో పూడ్చుకోవడానికి వీలులేదని 1977లో మొహిందర్ సింగ్ గిల్ కేసులో సుప్రీంకోర్టు స్పష్టంగా చెప్పింది. సర్కారు తరఫు అఫిడవిట్ రాగానే, ఉత్తర్వును పక్కన పెట్టుకుని వాక్యం వాక్యం సరిచూడండి. కొత్తగా చేరిన ప్రతి కారణం కింద ఎర్రగీత గీసి మీ వకీలుకు ఇస్తే, జవాబు అఫిడవిట్‌కు సగం సరుకు దొరికినట్టే.

ఒకే బండి మీద రెండు చట్టాలు

మట్టి లోడుతో పట్టుబడిన బండి మీద తరచుగా గనులు, ఖనిజాల చట్టం కూడా మోపుతారు, 2015 నాటి కేరళ చిన్నతరహా ఖనిజాల నిబంధనల కింద రవాణా పాసు లేదని. ఆ చట్టం 23ఎ సెక్షను కింద రుసుము కట్టి నేరాన్ని రాజీ చేసుకోవచ్చు. ఆ రుసుము కట్టేస్తే బండి వచ్చేస్తుందని కొందరు ఏజెంట్లు చెబుతారు. అలా కట్టినా వరి భూముల చట్టం కింద ఉన్న స్వాధీనం తనంతట తాను రద్దు కాదు. ఫైలులో ఏ చట్టం ఉందో, రెండూ ఉన్నాయో చూసుకోకుండా డబ్బు కట్టవద్దు. రాజీ దరఖాస్తులో పొలంలో మట్టి పోసినట్టు ఒప్పుకునే వాక్యం లేకుండా చూసుకోవాలి, ఆ కాగితం రెండో ఫైలులోకి వెళ్తుంది.

ఆంధ్ర, తెలంగాణల్లో ఈ వాదనలన్నీ యథాతథంగా పనిచేయవు. ఉమ్మడి రాష్ట్రంలో వచ్చిన 2006 నాటి భూమార్పిడి చట్టం మార్పిడికి రుసుము కట్టించుకునే తరహాది (ఆంధ్రలో దాన్ని 2025లో రద్దు చేశారు), కేరళ చట్టంలా పొలాన్ని పూడ్చనివ్వకుండా నిషేధించేది కాదు. మన దగ్గర మట్టి, ఇసుక బండ్లు ఎక్కువగా గనుల చట్టం కిందో, 2002 నాటి వాల్టా (నీరు, భూమి, చెట్ల) చట్టం కిందో పట్టుబడతాయి. కేరళలోని వెంబనాడ్, అష్టముడి, శాస్తాంకోట సరస్సులతో పాటు 2002లోనే కొల్లేరు కూడా అంతర్జాతీయ ప్రాముఖ్యం ఉన్న చిత్తడి నేలల రామ్‌సర్ జాబితాకెక్కింది. అయినా కొల్లేరులో పట్టుబడిన పొక్లెయిన్‌కు వర్తించేది వన్యప్రాణి చట్టం, కేరళ డేటా బ్యాంకు తీర్పులు అక్కడ చూపి లాభం లేదు.

అయిదో మెట్టు: విడుదల ఉత్తర్వు చేతికొచ్చాక

తాత్కాలిక విడుదలకు కోర్టులూ కలెక్టర్లూ పెట్టే షరతులు దాదాపు ఒకే రకంగా ఉంటాయి: బాండు, ఇద్దరు పూచీదారులు, కొంత సొమ్ము జమ లేదా బ్యాంకు గ్యారంటీ, విచారణ ముగిసేదాకా బండిని అమ్మననీ, మార్చననీ, పిలిచినప్పుడు తెస్తాననీ హామీ. పూచీదారులు స్థానికులై ఉండాలని అడిగితే మన ప్రాంతం నుంచి పంపే యజమానికి ఇబ్బంది అవుతుంది. అలాంటప్పుడు స్థానిక పూచీదారులకు బదులు బ్యాంకు గ్యారంటీ మొత్తాన్ని పెంచమని ముందే కోర్టులో అడగడం మేలు. బండి ఫైనాన్సులో ఉంటే ఆర్సీ మీద కంపెనీ పేరు కూడా ఉంటుంది కాబట్టి, వాళ్లకు రాతపూర్వకంగా తెలియజేసి అభ్యంతరం లేదన్న లేఖ తెచ్చుకోండి. కిస్తీలు ఆగిపోయి ఫైనాన్సువాళ్లు బండిని ఎత్తుకుపోతే, కోర్టుకిచ్చిన హామీ తప్పినవారు మీరే అవుతారు.

బండిని తీసుకునే రోజు ఒక మెకానిక్‌ను వెంట తీసుకెళ్లండి. ఎడవపాతి (నైరుతి రుతుపవనాల) వానల్లో స్టేషను ముందు నాలుగు నెలలు నిలిచిన జేసీబీకి బ్యాటరీ, హైడ్రాలిక్ గొట్టాలు, డీజిల్ ఏవీ ఉన్నవి ఉన్నట్టు ఉండవు. పోయినవాటి జాబితా రాసి, అధికారి ఎదుట సంతకాలు చేయించి, ఫోటోలు తీశాకే తాళం అందుకోండి. చివరిగా, కేసు మనకు అనుకూలంగా ముగిసిన రోజున కూడా పని ఒకటి మిగిలి ఉంటుంది. బాండు రద్దు చేయమనీ, జమ చేసిన సొమ్మూ బ్యాంకు గ్యారంటీ తిరిగి ఇమ్మనీ తుది ఉత్తర్వు నకలు జతచేసి కలెక్టరేట్‌లో దరఖాస్తు పెట్టాలి. అది పెట్టనివాళ్ల గ్యారంటీ గడువు తీరే ప్రతిసారీ, దాన్ని పొడిగించడానికి బ్యాంకు కమీషను వసూలు చేస్తూనే ఉంటుంది.